ఎస్‌ఓఎమ్ పాసయ్యాం సరే, మూసీ గేటు సంగతేంటి?

సెకండియర్‌లో స్ట్రెంగ్త్ ఆఫ్ మెటీరియల్స్ గట్టెక్కినవాళ్ళు మన దగ్గర ఆ సబ్జెక్టుకి ఒక దండం పెట్టి పక్కకు జరుగుతారు. పుస్తకాన్ని సగం రేటుకి జూనియర్‌కి అంటగడతారు. బెండింగ్ మూమెంట్ డయాగ్రం వచ్చు, మోర్స్ సర్కిల్ వచ్చు, ‘ఎమ్ బై ఐ ఈజ్ ఈక్వల్ టు ఎఫ్ బై వై’ నిద్రలో లేపి అడిగినా చెప్తాం. ఇంకేం మిగిలింది అని మన ధీమా.

నన్నడిగితే అసలు కథ అక్కడి నుంచే మొదలవుతుంది. ఎస్‌ఓఎమ్ అయిపోయిందని పుస్తకం అమ్ముకోవడం, పెద్దబాలశిక్ష చదివేసి తెలుగు సాహిత్యం మొత్తం చదివేశాననడం లాంటిది. పెద్దబాలశిక్ష లేకపోతే ఏదీ రాదు, నిజమే. కానీ దానితో ఆగిపోయినవాడిని పండితుడని ఎవరూ అనరు కదా. సూర్యాపేట, కోదాడ, మిర్యాలగూడ చుట్టుపక్కల పెరిగిన నాలాంటి సివిల్, మెకానికల్ వాళ్ళకి ఈ మాట ఇంకొంచెం గట్టిగా చెప్పాలి. ఎందుకంటే మన చుట్టూ విరుగుతున్నవి, పగులుతున్నవి, కొట్టుకుపోతున్నవి ఎక్కువగా రెండో పుస్తకంలోని లెక్కల ప్రకారమే పోతున్నాయి.

రెండో పుస్తకం అని ఊరికే అనలేదు. స్టీఫెన్ టిమోషెంకో 1930లో ‘స్ట్రెంగ్త్ ఆఫ్ మెటీరియల్స్’ని రెండు భాగాలుగా వేశాడు. మొదటిది ప్రాథమికం. రెండోది దాన్ని దాటాక చదవాల్సింది. మన సిలబస్ చాలావరకు మొదటి భాగం చుట్టూనే తిరుగుతుంది. రెండో దాని పేరు వినకుండానే డిగ్రీ చేతికొచ్చేస్తుంది.

అంతా ‘అనుకుందాం’ మీదే

మొదటి పుస్తకం నిండా ‘అనుకుందాం’లే. పదార్థం అంతటా ఒకేలా ఉందనుకుందాం. ఏ దిక్కున లాగినా ఒకేలా స్పందిస్తుందనుకుందాం. లోడు నెమ్మదిగా, ఒక్కసారే వచ్చిందనుకుందాం. వంగకముందు సమతలంగా ఉన్న అడ్డకోత వంగాక కూడా సమతలంగానే ఉందనుకుందాం. ఎక్కడా పగులు లేదు, తుప్పు లేదు, వెల్డింగ్ మచ్చ లేదు అనుకుందాం.

ఈ అనుకోవడాలను తీసిపారేయమని నేననడం లేదు. వాటిని కనిపెట్టడానికే చాలా కాలం పట్టింది. గోడలోంచి పొడుచుకొచ్చిన దూలం ఎంత బరువు మోస్తుందని గెలీలియో 1638లో అచ్చయిన పుస్తకంలో అడిగాడు. న్యూట్రల్ యాక్సిస్ ఎక్కడుందో ఆయనకు సరిగా చిక్కలేదు. మనం వాడే రూపంలో ఆ లెక్కను నేవియర్ తన 1826 నాటి పుస్తకంలో స్థిరపరిచాడు. అంటే 188 ఏళ్ళు. మనం ఒక్క సెమిస్టర్‌లో లాగించేస్తున్నది రెండు వందల ఏళ్ళ కష్టం. గౌరవించాల్సిందే. కానీ ఏవి అనుకోవడాలో, ఏవి నిజాలో తెలియకుండా గౌరవిస్తే అది చదువు కాదు, మొక్కుబడి.

ఇంటర్ తెలుగు మీడియంలో చదివినవాళ్ళకి స్ట్రెస్ అంటే ప్రతిబలం, స్ట్రెయిన్ అంటే వికృతి అని గుర్తుండే ఉంటుంది. తెలుగు వ్యాకరణంలోనూ ప్రకృతి, వికృతి ఉన్నాయి. ‘ఆశ్చర్యం’ ప్రకృతి, ‘అచ్చెరువు’ వికృతి. జనం నోళ్ళలో నలిగి నలిగి మాట రూపం మారిపోయింది. ఆ అచ్చెరువుని మళ్ళీ ఆశ్చర్యంగా మార్చడం ఎవరి తరమూ కాదు. మన మొదటి పుస్తకంలో మాత్రం బరువు తీసేయగానే వికృతి బుద్ధిగా ప్రకృతికి వచ్చేస్తుంది. నిజం వస్తువులు వ్యాకరణంలోని మాటల్లాంటివి. కొంత తిరిగొస్తుంది, కొంత ఎప్పటికీ రాదు. తిరిగిరాని ఆ భాగం గురించి మాట్లాడేదే ప్లాస్టిసిటీ. తిరిగొచ్చినట్టే కనిపిస్తూ లోపల్లోపల అరిగిపోయేదే ఫెటీగ్, లోహానికి పట్టే అలసట. ఆ అలసట ఒకచోట పగులుగా మారాక ఏం జరుగుతుందో చెప్పేది ఫ్రాక్చర్ మెకానిక్స్.

మెటీరియల్ టెస్టింగ్ ల్యాబ్‌లో చార్పీ టెస్ట్ అందరం చేశాం. ముక్క మధ్యలో 2 మిల్లీమీటర్ల లోతున వీ ఆకారంలో గాటు ఉంటుంది. ఆ గాటు ఎందుకు పెట్టారని వైవాలో అడిగితే మనలో చాలామంది చెప్పే జవాబు ఒక్కటే: ‘ఇండియన్ స్టాండర్డ్‌లో అలా ఉంది సార్!’ అసలు రెండో పుస్తకం మొత్తం ఆ గాటులోనే దాక్కుని ఉంది. పలకలో చిన్న గుండ్రటి రంధ్రం ఉంటే దాని అంచున ప్రతిబలం మూడు రెట్లవుతుందని కిర్ష్ 1898లో లెక్కగట్టాడు. రంధ్రం గుండ్రంగా కాకుండా సాగి సన్నబడేకొద్దీ కొన దగ్గర ఆ రెట్లు పెరుగుతూనే పోతాయని ఇంగ్లిస్ 1913లో చూపించాడు. మరి పగులంటే చివరిదాకా సన్నబడిన రంధ్రమే కదా? అక్కడ ప్రతిబలం అనంతమైతే, సన్నటి పగులున్న ప్రతి వస్తువూ ముట్టుకోగానే విరగాలి. విరగడం లేదు. ఎందుకని? గ్రిఫిత్ గాజు మీద ప్రయోగాలు చేసి, శక్తి లెక్కతో ఈ చిక్కు విప్పాడు. 1921లో అచ్చయిన ఆ వ్యాసంతో ఫ్రాక్చర్ మెకానిక్స్ పుట్టింది. పగులు పొడవు నాలుగు రెట్లయితే, పెళుసు పదార్థం తట్టుకునే ప్రతిబలం సగానికి పడిపోతుంది. ఇంత సింపుల్ వాక్యం మనకు నాలుగేళ్ళలో ఒక్కసారైనా వినపడకపోవడం నాకు అన్యాయమనిపిస్తుంది.

సూర్యాపేట: గేటు

సాగర్ 26 గేట్లు ఎత్తారని వార్త రాగానే బైకులేసుకుని బయల్దేరే బ్యాచ్ ప్రతి కాలేజీలోనూ ఉంటుంది. నీళ్ళతో సెల్ఫీ దిగుతాం, చేపల ఫ్రై తింటాం, వచ్చేస్తాం. ఆ నీటిని ఆపుతున్న ఇనుము వైపు ఎవరం చూడం.

మూసీ ప్రాజెక్టు సూర్యాపేటకు దగ్గర్లో, సోలిపేట వద్ద ఉంది. 1960ల నాటి కట్టడం. నిల్వ సామర్థ్యం 4.46 టీఎంసీ. 2019 అక్టోబర్‌లో దాని రెగ్యులేటర్ గేటు ఒకటి విరిగి కొట్టుకుపోయింది. 2021 ఆగస్టు 5న పులిచింతలలో 16వ నంబరు గేటు పోయింది. 2024 ఆగస్టు 10 రాత్రి తుంగభద్ర డ్యామ్‌లో 19వ గేటు చైన్ లింకు తెగి గేటు కొట్టుకుపోయింది. తుంగభద్ర 1950ల నాటిది. పులిచింతలలో నీళ్ళు నింపడం మొదలై అప్పటికి పదేళ్ళు కూడా కాలేదు. కాబట్టి ‘పాతబడింది, పోయింది’ అని ఒక్క మాటతో తేల్చేయలేం. పులిచింతల అధికారిక పేరు డాక్టర్ కె.ఎల్.రావు సాగర్ అన్న సంగతి కూడా గుర్తుపెట్టుకోండి, మళ్ళీ ఆయన దగ్గరికి వద్దాం.

గేటు పోతే ఏమవుతుంది? పొలం ఉన్న ఇంట్లో అడగండి. ప్రాణనష్టం లేదని పేపర్లో వేస్తారు. దాచుకున్న నీళ్ళు టీఎంసీల కొద్దీ కిందికి పోతాయి. ‘యాసంగికి నీళ్ళొస్తాయా?’ అన్న ప్రశ్నతో ఆయకట్టు మొత్తం నిద్రపోదు. తుంగభద్రలో పారుతున్న నీటిలోనే స్టాప్‌లాగ్‌లు దించి నిలబెట్టిన నిపుణుడు కన్నయ్యనాయుడు మన తెలుగువాడే. ఆ వారం టీవీల్లో ఆయన్ని చూసి మనం చప్పట్లు కొట్టాం. కొట్టాల్సిందే. కానీ మన క్లాసులో ఎంతమందికి గేటు ఎలా అలసిపోతుందో తెలుసు?

దర్యాప్తు చేసి పూర్తిగా బయటపెట్టిన ఒక కేసు చూద్దాం. అమెరికాలో కాలిఫోర్నియాలోని ఫోల్సమ్ డ్యామ్. 1995 జులై 17న అక్కడ 3వ నంబరు రేడియల్ గేటు ఎత్తుతుండగా విరిగిపోయింది. కట్టిన నలభై ఏళ్ళ వరకూ బాగానే పనిచేసింది. దర్యాప్తులో తేలిందేమిటంటే, గేటు తిరిగే ట్రనియన్ పిన్ను దగ్గర తుప్పు పట్టి రాపిడి ఏటేటా పెరుగుతూ వచ్చింది. ఆ రాపిడి వల్ల గేటు చేతులు నొక్కుడుతోపాటు వంపుకి కూడా గురయ్యాయి. మొదటి డిజైన్‌లో ఆ రాపిడిని లెక్కలోకే తీసుకోలేదు.

ఇక్కడ మన సిలబస్ సంగతి చూడండి. కాలమ్ వేరే యూనిట్, బీమ్ వేరే యూనిట్. పరీక్షలో రెండూ ఒకే ప్రశ్నలో రావు. నిజం గేటు చేయి ఒకేసారి కాలమూ, బీమూ. వంగిన చేయి మీద నొక్కుడు పడితే ఆ వంపు ఇంకా పెరుగుతుంది. పెరిగిన వంపు వల్ల మూమెంట్ ఇంకా పెరుగుతుంది. విడివిడిగా లెక్కలు చేసి చివర్లో కూడేసే సూపర్‌పొజిషన్ ఇక్కడ చెల్లదు. దీన్నే బీమ్-కాలమ్ అంటారు. రెండో పుస్తకంలో ఇది మొదట్లోనే వస్తుంది.

తుప్పు సంగతి కూడా చూద్దాం. 10 మిల్లీమీటర్ల ప్లేటు తుప్పు తిని 8 అయిందనుకోండి. ‘ఐదో వంతే కదా పోయింది’ అనిపిస్తుంది. వంపు వల్ల వచ్చే ప్రతిబలం మందం వర్గానికి విలోమంగా ఉంటుంది. అంటే 56 శాతం పెరిగినట్టు. వంపుకి ఎదురు నిలిచే గట్టితనం మందం ఘనం మీద ఆధారపడుతుంది కాబట్టి అది దాదాపు సగానికి పడిపోతుంది. ఈ లెక్కకి మొదటి పుస్తకం చాలు. తుప్పు గుంట అడుగున పగులు పుట్టి, గేటు ఎత్తి దించిన ప్రతిసారీ వెంట్రుకవాసి ముందుకు జరిగే లెక్కకి మాత్రం చాలదు. చినికి చినికి గాలివాన అయినట్టు అది రోజూ కొంచెం పెరుగుతుంది. ఒకరోజు ఒక్కసారిగా తెగుతుంది.

మిర్యాలగూడ: షాఫ్ట్, బియ్యపు గింజ

మిర్యాలగూడ అంటే రైస్ మిల్లులు. అక్కడ తిరగని వస్తువు లేదు: షాఫ్టులు, పుల్లీలు, ఎలివేటర్లు, బ్లోయర్లు. నిమిషానికి 960 చుట్లు తిరిగే షాఫ్టుని తీసుకోండి. బెల్టు లాగుడుకి అది కొంచెం వంగి తిరుగుతుంది. ఒక్కో చుట్టుకీ దాని ఉపరితలం మీది ప్రతి బిందువూ ఒకసారి లాగబడుతుంది, ఒకసారి నొక్కబడుతుంది. పది లక్షల సార్లు అలా జరగడానికి ఎంత టైమ్ పడుతుంది? 17 గంటల 22 నిమిషాలు. అంతే! మిల్లు సీజన్‌లో ఒక్క రోజు కూడా కాదు. యూటీఎమ్ మీద మనం కడ్డీని ఒక్కసారి లాగి తెంపి, ‘అల్టిమేట్ స్ట్రెంగ్త్ ఇంత’ అని రికార్డులో రాసుకుంటాం. షాఫ్టుని ఎవరూ ఒక్కసారి లాగి వదిలేయరు.

సెంట్రింగ్ పని చేసే అన్నలకి ఇది మనకంటే బాగా తెలుసు. బైండింగ్ వైర్‌ని ఎంత బలంగా లాగినా చేత్తో తెగదు. అటూ ఇటూ పదిసార్లు వంచితే పుటుక్కుమంటుంది. జర్మనీలో ఆగస్ట్ వోలర్ 1850లు, 60లలో రైలు ఇరుసుల మీద చేసిన ప్రయోగాలకి మూలం కూడా ఈ అనుభవమే. యీల్డ్ పాయింట్‌కి చాలా కింద ఉన్న ప్రతిబలంతోనే లక్షల సార్ల తర్వాత ఇరుసు ఎందుకు విరుగుతోందని ఆయన పట్టుబట్టి కూర్చున్నాడు. మిల్లు షాఫ్టు కీవే మూల దగ్గరో, సైజు మారే మెట్టు దగ్గరో విరగడం కూడా అదే కథ. ఆ మూలని కాస్త గుండ్రంగా మలిస్తే ఆయుష్షు ఎన్నో రెట్లు పెరుగుతుంది. లేత్ మీద ఐదు నిమిషాల పని. గోటితో పోయేదానికి గొడ్డలి దాకా తెచ్చుకోవడం దేనికి?

మిల్లులో మెకానిక్స్ ఆఫ్ మెటీరియల్స్ షాఫ్టుతో అయిపోదు. బియ్యపు గింజ దగ్గరికి వద్దాం. 2022 వేసవిలో బాయిల్డ్ రైస్ గొడవ గుర్తుందా? యాసంగి వడ్లను పచ్చి బియ్యంగా ఆడిస్తే నూకలు ఎక్కువవుతాయని ఇటునుంచి, బాయిల్డ్ రైస్ ఇక తీసుకోలేమని అటునుంచి నెలల తరబడి వాదన నడిచింది. రాజకీయం పక్కన పెట్టండి. నూక ఎందుకవుతుంది? ఇది అచ్చమైన ఫ్రాక్చర్ ప్రశ్న.

ఏప్రిల్, మే ఎండల్లో కోసిన గింజ బయటి పొర త్వరగా ఆరుతుంది, లోపల తేమ అలాగే ఉంటుంది. ఆరిన భాగం ముడుచుకోవాలని చూస్తుంది, లోపలి భాగం ముడుచుకోనివ్వదు. బయట లాగుడు, లోపల నొక్కుడు. బాగా ఆరిన గింజకి రాత్రి మంచు తగిలితే కథ తిరగబడుతుంది. బయటి పొర ఉబ్బుతుంది, లోపల లాగుడు పడుతుంది, గింజ నడుమ అడ్డంగా సన్నటి పగులు వస్తుంది. పొట్టు కింద ఉంది కాబట్టి కంటికి కనపడదు. మిల్లులో రోలర్ తగలగానే రెండు ముక్కలు. మిల్లరు ఆ రోజు విరగ్గొట్టాడనుకుంటాం. కళ్ళంలోనే పగిలిన గింజది.

మొదటి పుస్తకంలో థర్మల్ స్ట్రెస్ అంటే రెండు గోడల మధ్య ఇరుక్కున్న కడ్డీ, అంతటా ఒకే ఉష్ణోగ్రత. లోపల ఒకలా, బయట ఒకలా ఉంటే ఏ గోడా లేకుండానే ప్రతిబలం పుడుతుందన్నది రెండో పుస్తకం చెప్పే మాట. ఉష్ణోగ్రత బదులు తేమ అని రాసుకోండి, అదే గింజ కథ. వడ్లను నానబెట్టి ఆవిరి పట్టిస్తే గింజలోని పిండిపదార్థం మెత్తబడి ఆ పగుళ్ళను అతికిస్తుంది. అందుకే బాయిల్డ్ రైస్‌లో నూకలు తక్కువ. క్వింటాలు వడ్లకి 67 కిలోల పచ్చి బియ్యం అప్పజెప్పాలన్న లెక్క మీద మిల్లూ, సర్కారూ, రైతూ తగువులాడుకుంటున్నప్పుడు, ఆ తగువు మధ్యలో ఒక పగులు ఉంది. ఆ పగులు గురించి మాట్లాడాల్సింది మనం. మనం ఎక్కడున్నాం?

కోదాడ: రోడ్డు

సూర్యాపేట నుంచి కోదాడ వరకు 65వ నంబరు జాతీయ రహదారి మీద బస్సులో కిటికీ పక్కన కూర్చుంటే లారీలు లెక్కపెట్టలేం. కోదాడ, హుజూర్‌నగర్ వైపు సిమెంట్ ఫ్యాక్టరీల బెల్టు. ఆ లోడంతా రోడ్డెక్కాల్సిందే.

రోడ్డు కూడా అలసిపోతుంది. చక్రం పైనుంచి పోయిన ప్రతిసారీ తారు పొర కొంచెం వంగుతుంది, దాని అడుగున లాగుడు పడుతుంది. పగులు కింద పుట్టి పైకి వస్తుంది. మొసలి వీపులా గళ్ళు గళ్ళుగా కనిపించే పగుళ్ళు అవే. 1958 నుంచి 1960 వరకు అమెరికాలో జరిగిన ఆషో రోడ్ టెస్ట్ నుంచి ఒక నియమం వచ్చింది: ఇరుసు బరువు పెరిగితే రోడ్డుకి జరిగే నష్టం సుమారుగా నాలుగో ఘాతంలో పెరుగుతుంది. అర టన్ను ఇరుసున్న కారుతో పోలిస్తే పది టన్నుల ఇరుసు బరువులో 20 రెట్లు, నష్టంలో 1,60,000 రెట్లు. మనదేశంలో 2018లో నాలుగు టైర్ల సింగిల్ ఇరుసు పరిమితిని 10.2 టన్నుల నుంచి 11.5 టన్నులకు పెంచారు. బరువులో పెరుగుదల 13 శాతం లోపే. నాలుగో ఘాతం వేస్తే రోడ్డు అలసట 60 శాతం పైన. పరిమితి దాటి వేసుకునే ఓవర్‌లోడ్ ఇందులో లేదు.

ఈ లెక్కకి ఫోన్‌లో ఉన్న కాలిక్యులేటర్ చాలు. ‘కాంట్రాక్టర్ తినేశాడు’ అని తిట్టడం తేలిక. ఒక్కోసారి అది నిజం కూడా కావచ్చు. కానీ ఎంత తిన్నాడు, ఎంత అలసట అని విడదీసి చెప్పగలిగినవాడి మాటకే బలం ఉంటుంది. రోడ్డు డిజైన్‌కి మనవాళ్ళు వాడే ఐఆర్‌సీ 37 కోడ్ నడిచేదే ఫెటీగ్ లెక్క మీద. ఆ సూత్రంలో నంబర్లు వేయడం మనకొచ్చు. అది ఎక్కడి నుంచి వచ్చిందో తెలియాలంటే రెండో పుస్తకం తెరవాలి.

‘సాఫ్ట్‌వేర్ ఉంది కదా బ్రో!’

హాస్టల్‌లో ఈ మాట తీస్తే నాకు మూడు జవాబులు వస్తాయి.

ఒకటి, ‘అన్సిస్ చూసుకుంటుంది.’ చూసుకోదు. ఎల్ ఆకారంలో పదునైన లోపలి మూల ఉన్న ప్లేటుని అందులో గీసి, మెష్‌ని సన్నగా చేస్తూ పోండి. మూల దగ్గర ప్రతిబలం చేసిన ప్రతిసారీ పెరుగుతుంది. ఎక్కడా ఆగదు. ఎందుకంటే ఎలాస్టిసిటీ లెక్క ప్రకారం అక్కడ జవాబు అనంతం. ఏ నంబరు రిపోర్టులో రాస్తారు? ఎర్ర రంగు వచ్చిందని భయపడాలా, పట్టించుకోకూడదా? అది సాఫ్ట్‌వేర్ చెప్పదు, చదువుకున్నవాడు చెప్పాలి. వండడానికి కుక్కర్ ఉన్నంత మాత్రాన ఎసరు ఎంత పెట్టాలో అది చెప్పదు కదా.

రెండు, ‘ఎలాగూ ఐటీలోకే పోతాం.’ పోదాం, తప్పేం లేదు. ఇంట్లో ఈఎమ్ఐలు ఉన్నవాడికి నేను నీతులు చెప్పను. కానీ అందరం పోము. మన సీనియర్లలో ఇరిగేషన్‌లో, రోడ్లు-భవనాల శాఖలో, దామరచర్ల దగ్గర యాదాద్రి పవర్ ప్లాంటులో, సిమెంట్ ఫ్యాక్టరీల మెయింటెనెన్స్‌లో పనిచేస్తున్నవాళ్ళున్నారు. రేపు గేటు చూసి రావాల్సింది వాళ్ళే. వాళ్ళ జూనియర్లం మనమే.

మూడు, ‘లెక్కలు కష్టం.’ ఇది నిజాయితీ ఉన్న జవాబు. పార్షియల్ డెరివేటివ్‌లు, టెన్సర్ ఇండెక్సులు చూస్తే ఎవరికైనా గుండె జారుతుంది. అయితే ఎమ్-టూలో అవే లెక్కలు మనతో చేయించారు. ఎందుకు చేస్తున్నామో చెప్పకుండా చేయించారు, అంతే. పని కనపడితే లెక్క మింగుడుపడుతుంది.

మనవాళ్ళు నడిచిన దారే

ఇదంతా ఎక్కడో విదేశీయుల వ్యవహారం అనుకునేవాళ్ళకి ముగ్గురి పేర్లు చెప్తాను.

కానూరి లక్ష్మణరావు 1902లో కృష్ణా జిల్లా కంకిపాడులో పుట్టాడు. బర్మింగ్‌హామ్‌లో డాక్టరేట్ చేశాడు. నాగార్జునసాగర్ వెనుక ఉన్న ఇంజినీర్లలో మొదట చెప్పుకోవాల్సిన పేరు. పులిచింతలకి పెట్టింది ఆయన పేరే.

అట్లూరి సత్యనాథం గుడివాడలో పుట్టి, కాకినాడలో ఇంజినీరింగ్ చదివి, బెంగళూరు ఐఐఎస్సీ మీదుగా ఎమ్ఐటీకి వెళ్ళాడు. ఫ్రాక్చర్ మెకానిక్స్, కంప్యుటేషనల్ మెకానిక్స్‌లో ప్రపంచం చదివే పేరు. 2013లో పద్మభూషణ్ వచ్చింది.

జునుతుల ఎన్. రెడ్డి మన వరంగల్ వైపు మనిషి. ఉస్మానియాలో బీఈ చేశాడు. ఇందాక ‘సమతలంగా ఉన్న అడ్డకోత సమతలంగానే ఉందనుకుందాం’ అన్నాం కదా, ఆయన పని అక్కడే. ఆ అనుకోవడంలో ఉన్న ఇంకో భాగాన్ని, అంటే కోత అక్షానికి లంబంగానే ఉంటుందన్న మాటని టిమోషెంకో 1921లో సడలించాడు. కానీ కోత సమతలంగా ఉంటుందన్నది అలాగే ఉంచాడు. అందువల్ల షియర్ లెక్క సరిపెట్టడానికి ఒక కరెక్షన్ ఫ్యాక్టర్ అతకాల్సి వచ్చింది. కోత వంకర తిరగొచ్చని ఒప్పుకుని, ఆ అతుకు అవసరమే లేకుండా చేసిన సిద్ధాంతాన్ని కాంపోజిట్ ప్లేట్ల కోసం రెడ్డి 1984లో ప్రచురించాడు. 2019లో ఆయనకి టిమోషెంకో మెడల్ ఇచ్చారు. మనం సెకండియర్‌లో బట్టీపట్టి వదిలేసిన ఒక్క ‘అనుకుందాం’ని పట్టుకుని అడిగినవాళ్ళ వరసలో, మనలాగే ఇక్కడ బీఈ చదివిన మనిషి ఉన్నాడు. నాకు ఇంతకంటే పెద్ద మోటివేషన్ స్పీచ్ అక్కర్లేదు.

ఎలా మొదలుపెట్టాలి

నా సలహా ఇది, నచ్చితే తీసుకోండి. ఎలాస్టిసిటీ పుస్తకం మొదటి పేజీ నుంచి మొదలుపెట్టకండి, మూడో రోజే వదిలేస్తారు. ముందు ఎనర్జీ మెథడ్స్, కాస్టిగ్లియానో సిద్ధాంతం గట్టిగా చదవండి. ఇది మనకు కొంత తెలిసిన ఇల్లే. తర్వాత బీమ్-కాలమ్, అన్‌సిమెట్రికల్ బెండింగ్, షియర్ సెంటర్. ఆ తర్వాత రెండు డైమెన్షన్లలో ఎలాస్టిసిటీ మొదలుపెట్టి, రంధ్రం అంచున మూడు రెట్లు వచ్చేదాకా మీ చేత్తో మీరు లెక్క చేయండి. ఆ ‘మూడు’ కాగితం మీద రాలిన రోజు మీకు ఈ సబ్జెక్టు మీద ప్రేమ పుడుతుంది, గ్యారంటీ. అక్కడి నుంచి ఫెటీగ్, ఫ్రాక్చర్, ప్లాస్టిసిటీ ఏ వరసలో చదివినా పర్లేదు. ఐఐటీ ప్రొఫెసర్ల ఎన్‌పీటీఈఎల్ పాఠాలు ఉచితంగా ఉన్నాయి. టిమోషెంకో 1953లో రాసిన ‘హిస్టరీ ఆఫ్ స్ట్రెంగ్త్ ఆఫ్ మెటీరియల్స్’ని మధ్యమధ్యలో కథల పుస్తకంలా చదువుకోవచ్చు.

కాలేజీని అడగాల్సినవి రెండే. అడ్వాన్స్‌డ్ మెకానిక్స్ ఆఫ్ సాలిడ్స్‌ని ఎలక్టివ్‌ల జాబితాలో పేరుకి ఉంచకుండా, పదిమంది అడిగినా నడపండి. రెండోది, ల్యాబ్‌లో ఒక బీరువా ఇవ్వండి. అందులో విరిగిన వస్తువులు పెడదాం. మిర్యాలగూడ మిల్లుల స్క్రాప్‌లోంచి తెగిన షాఫ్టు, లారీ మెకానిక్ షెడ్డులోంచి విరిగిన కమాన్‌పట్టా, తెగిన బోల్టు, చైన్ లింకు. అలసటతో విరిగిన ముక్కని వెలుతురులో పట్టుకుని చూడండి. అలలు వచ్చిపోయిన ఇసుకలో గీతల్లాగా, పగులు ఎక్కడ పుట్టి ఎలా నడిచిందో దాని ముఖం మీద రాసి ఉంటుంది. చివర్లో ఒక్కసారిగా తెగిన భాగం గరుకుగా ఉంటుంది. ఆ బీరువా ముందు అరగంట నిలబడితే, క్లాసులో గంట చెప్పినా ఎక్కనిది ఎక్కుతుంది. పైసా ఖర్చు లేదు.

ఎలక్టివ్ ఫారం వచ్చినప్పుడు మనం వాట్సాప్ గ్రూపులో అడిగే మొదటి ప్రశ్న ‘ఏది ఈజీ?’ ఈసారి దాంతోపాటు ఇంకోటి కూడా అడగండి: ‘మన ఊళ్ళో ఏది విరుగుతోంది?’ ఆ జవాబు ఏ సబ్జెక్టులో ఉందో చూసి టిక్కు పెట్టండి. పదిమంది తేలితే చెప్పండి, మొదటి షాఫ్టు ముక్క నేను మోసుకొస్తా.